తేలు కింద ఆకు

నాకు కోపం ముక్కు మీదే ఉంటుంది. ఆ సంగతి మా వీధి అంతటికీ తెలుసు. కానీ నాకు కుళ్ళు కూడా ఉందని, అదీ ఒక మనిషి కుడిచేతిని చూసి కుళ్ళుకునేంత ఉందని, కోరాపుట్ ఆసుపత్రికి ఆ మిషను వచ్చేదాకా నాకే తెలియదు.

ఆ చెయ్యి మా నేస్తానిది. నేస్తం అంటే ఏమిటో ముందు చెప్పుకోవాలి, ఎందుకంటే ఇప్పటి పిల్లలు ఫోనులో పలకరించిన ప్రతివాణ్ణీ ఫ్రెండు అంటున్నారు. మా శ్రీకాకుళం వైపు నుంచి వచ్చిన కుటుంబాల్లో నేస్తరికం కట్టుకుంటారు. అమ్మవారి ముందు కొబ్బరికాయ కొట్టి, ఒకరికొకరు బొట్టు పెట్టుకుని, చీరా రవికెగుడ్డా ఇచ్చిపుచ్చుకుంటారు. ఆ రోజు నుంచి ఒకరి పేరు ఒకరు నోటితో అనకూడదు. నేస్తం అని పిలుచుకోవడమే. ఆమె పిల్లలకి నేను పెద్దమ్మని. మా ఇంట్లో అశుభం జరిగితే వాళ్ళ పొయ్యి వెలగదు. ఇక్కడి కొండల్లో ఉండే దేశియా వాళ్ళలోనూ ఈ ఆచారం ఉంది, వాళ్ళు సంగాత్ అంటారు. పేరెత్తితే నేస్తరికం పలచబడిపోతుందని మా అమ్మ చెప్పేది, అందుకని ఇక్కడ కూడా ఆమె పేరు రాయను.

ఇద్దరం ఒడిశాలోని రాయగడకి కోడళ్ళుగా వచ్చినవాళ్ళమే. నేను పార్వతీపురం నుంచి వచ్చాను, ఆమె కకిరిగుమ్మ నుంచి వచ్చింది. వాళ్ళ నాన్న పాలకొండ వైపు మనిషి. కొండలు తొలిచి రైలు లైను వేస్తున్న రోజుల్లో కూలికి వచ్చి, కకిరిగుమ్మలో పాక వేసుకుని అక్కడే ఉండిపోయాడు. మా ఆయనది మున్సిపాలిటీ నీళ్ళ పంపు దగ్గర పని, వాళ్ళాయనకి ఆటో. పక్కపక్క ఇళ్ళు, ఒకటే కుళాయి. కుళాయి దగ్గర బిందెల కోసం కొట్లాడుకుంటూనే మేము దగ్గరయ్యాం. తర్వాత స్టేషను రోడ్డులో బజ్జీల బండి పెట్టాం. తెలుగువాళ్ళకి మిరపకాయ బజ్జీ, ఒడియావాళ్ళకి మినప్పిండి బరా, బఠాణీల ఘుగుని. పిండి నాది, మూకుడు ఆమెది. మూకుడు దగ్గర ఆమె చెయ్యి చూడటానికే కొందరు నిలబడేవాళ్ళు.

నేస్తరికం కట్టుకున్నది చైత్ర జాతరలో. ఆ రోజే పచ్చబొట్లు పొడిపించుకున్నాం. సూది దిగేటప్పుడు చెయ్యి కదిలితే బొమ్మ వంకరపోతుంది కాబట్టి ఒక నేస్తం చెయ్యి ఇంకో నేస్తం పట్టుకోవాలి, అది ఆనవాయితీ. నేను చిన్న పువ్వు చాలన్నాను. ఆమె కాదంది. మణికట్టు మీద పెద్ద తేలు వెయ్యాలి, ఇద్దరికీ అదే వెయ్యాలి అంది. నేను ఆమె చెయ్యి పట్టుకున్నప్పుడు సరిగ్గా తేలు రావలసిన చోట చింతగింజంత నల్లటి మచ్చ ఉంది. ఇదేమిటంటే పుట్టుమచ్చ అంది. సరేలే అనుకున్నాను. అంత పెద్ద బొమ్మ కోరుకుందంటే నా మీద అంత ఇష్టం కాబోలు అని మురిసిపోయాను కూడా. ఆ మురిపెం మీద ఇరవై ఏళ్ళు గడిపేశాను.

తర్వాత ఆమెకి వేళ్ళ వాతం పట్టుకుంది. ముందు కుడిచేతి వేళ్ళు వంగాయి. పొద్దున్నే గుప్పిట విప్పడానికి వేడినీళ్ళలో పెట్టుకుని కూర్చునేది. చిల్లుల గరిటె జారి నూనెలో పడటం మొదలైంది. మాత్రలు, సూదులు, గుణుపురం ఆకుపసరు, అన్నీ అయ్యాయి. మూకుడు నేను తీసుకున్నాను, బజ్జీలు మాడుతున్నాయని జనం మొహం మీదే అన్నారు. అలాంటి రోజుల్లో కోరాపుట్‌లో కొత్త మిషను వచ్చిందని కబురు తెలిసింది.

దానికి ఇంగ్లీషులో బారెడు పేరుంది. జనం మాత్రం ఎనక్కి మిషను అన్నారు. మందు లేదు, కోత లేదు. రోగం పట్టిన భాగాన్ని రోగం లేని కాలానికి తీసుకుపోయి అక్కడ వదిలేస్తుంది. మిగతా ఒళ్ళంతా ఈ రోజులోనే ఉంటుంది. డాక్టరు నాకు హిందీలో చెప్పాడు, నేను ఆమెకి చెప్పాను. ఒక చేతికి ఒక్కసారే పెట్టగలరు. ఏ కాలానికి వెళ్తే ఆ కాలం తర్వాత చేతి మీదకి వచ్చిందేదీ మిగలదు, అది రోగమైనా సరే, కాలిన మచ్చైనా సరే. మీకు పదేళ్ళు, పన్నెండేళ్ళు వెనక్కి చాలు అన్నాడు. మా తేలు అంతకంటే పాతది కదా, దానికేం ఢోకా లేదనుకుని ఇద్దరం నవ్వుకున్నాం.

లోపలికి నన్ను రానివ్వలేదు. బయట బెంచీ మీద కూర్చుని అమ్మవారికి మొక్కుకున్నాను. చేయి బాగైతే కోడిని ఇస్తానన్నాను. ఆమె గాజులు ఎడమచేత్తో పట్టుకుని బయటికి వచ్చింది. కుడిచెయ్యి చూసి నాకు ఏడుపు వచ్చింది. వేళ్ళు తిన్నగా, నున్నగా ఉన్నాయి. గోళ్ళు చిన్నవి. చెయ్యే చిన్నది. పద్నాలుగేళ్ళ పిల్ల చెయ్యి తెచ్చి నలభై దాటిన మనిషికి పెట్టినట్టుంది. అందుకే గాజులు జారిపోయాయి. ఆ చేతిని రెండు చేతులతో పట్టుకుని కళ్ళకద్దుకున్నాను. అంతవరకూ నా మనసులో ఏ మాలిన్యమూ లేదు, ఒట్టు.

అప్పుడు మణికట్టు తిప్పి చూశాను. తేలు లేదు.

తేలు ఉండాల్సిన చోట చిన్న ఆకు ఉంది. విస్తళ్ళు కుట్టే, రెండు రెక్కలుగా చీలిన అడ్డాకు. నిన్న గాక మొన్న పొడిచినట్టు గీతలు పచ్చగా, సూటిగా ఉన్నాయి. నేను పుట్టుమచ్చ అనుకున్నది, చింతగింజంత నల్లటిది, కొత్తలో ఇలా ఉండేదన్నమాట. ఆమె తేలు కుట్టిన దొంగలా కిమ్మనకుండా చెప్పులు వేసుకుంది.

తిరుగు రైలులో సొరంగాలు వచ్చాయి, పోయాయి. కకిరిగుమ్మలో రైలు ఆగినప్పుడు ఆమె కిటికీలోంచి ఆ చిన్న చెయ్యి బయటికి చాపింది. ఎవరూ లేరు అక్కడ, అల్లం బస్తాల మీద ఒక ముసలాయన కునుకుతున్నాడంతే. నేను ఇక ఆగలేకపోయాను. లోపల ఏ యేడు చెప్పావు అని అడిగాను.

"రైలొచ్చిన యేడు అని సెప్పేను," అంది.

మావాళ్ళకి సంవత్సరాలకి అంకెలుండవు. గాలివాన యేడు, డొరగుడలో ఫ్యాక్టరీ గొట్టం లేచిన యేడు, పెద్దోడు పుట్టిన యేడు అని లెక్క. మిషను దగ్గరున్న ఒడియా అమ్మాయి, నీ చెయ్యి ఎప్పుడు బాగుండేది అని అడిగిందట. ఈమె కకిరిగుమ్మకి మొదటి రైలొచ్చిన యేడు బాగుండేది అందట. ఆ అమ్మాయి నవ్వి, ఆ రైలెప్పుడొచ్చిందో ఫోనులో వెతికి, మిషనుని అక్కడికి తిప్పేసింది. మరీ అంత వెనక్కా అని కూడా అడగలేదు. ఆ అమ్మాయిని నేను ఇప్పటికీ తిట్టుకుంటాను. కానీ అసలు మంట ఆ అమ్మాయి మీద కాదు. అన్ని యేళ్ళు పడి ఉండగా మా నేస్తం నోటికి ఆ యేడే ఎందుకు వచ్చింది? మా జాతర యేడు చెప్పి ఉంటే, జాతర మర్నాడు అని ఒక్క ముక్క కలిపి ఉంటే, చెయ్యీ బాగుపడేది, తేలూ ఉండేది.

ఆకు సంగతి టికిరి స్టేషను దాటాక చెప్పింది. రైలు కూలీల మెస్సుకి అడ్డాకు విస్తళ్ళు కుట్టి ఇచ్చే దేశియా పిల్ల ఒకతె ఉండేదట. ఈమె ఆ పిల్లతో కలిసి కొండెక్కి ఆకు కోసేది, కలిసి కుట్టేది. ఇద్దరూ సంగాత్ కట్టుకున్నారు. ముల్లుతో, దీపం మసితో ఒకరికొకరు పొడుచుకున్నారు. పెళ్ళై రాయగడ వచ్చాక అత్తగారు ఆ గుర్తు చూసి, కొండ మీది వాళ్ళ బొట్టు మా ఇంట్లో చెల్లదు, దాన్ని ఏదో ఒకటి చెయ్యమని సతాయించిందట. అదన్నమాట తేలు కథ. పువ్వు చాలలేదు, కప్పడానికి పెద్ద బొమ్మ కావాల్సొచ్చింది. నేను మురిసిపోయిన ఇరవై ఏళ్ళూ ఒక్క సొరంగంలో కొట్టుకుపోయాయి.

ఇక చూడండి నా బతుకు. మర్నాటి నుంచి బండి చుట్టూ జనం. బజ్జీలకి కాదు, ఆ చెయ్యి చూడటానికి. వీధిలో అమ్మలక్కలు దాన్ని పట్టుకుని నిమిరేవాళ్ళు. బంగారు చెయ్యి అనేవాళ్ళు, దిష్టి తగులుతుందని ఒకావిడ నల్లదారం కూడా కట్టింది. దిష్టి పెట్టేది పక్కనే పిండి కలుపుతోందని ఆవిడకేం తెలుసు. నా చేతులు చూసుకునేదాన్ని. సెనగపిండి పట్టిన గోళ్ళు, నూనె చుక్కల మచ్చలు. నా చెయ్యి చూసి ఎవరూ ఏమీ అనరు.

ఆ బంగారు చేతికి మాత్రం పని రాదు. పద్నాలుగేళ్ళ చెయ్యి, మూకుడు ఎరగదు. గరిటె బరువుకి వణికేది, సెగకి బొబ్బలెక్కేది. బజ్జీ తిప్పడం నేను దగ్గరుండి మొదటి నుంచీ నేర్పాల్సి వచ్చింది. నేను నేర్పుతుంటే తప్పులు చేసేది. కానీ ఒక మధ్యాహ్నం సంతలో కొన్న అడ్డాకుల కట్ట విప్పి, చీపురుపుల్లలు పెట్టుకుని కూర్చుంది. ఆ చెయ్యి ఎవరూ చెప్పకుండానే ఆకు మీద ఆకు వేసి, పుల్ల గుచ్చి, విరిచి, తిప్పి, కళ్ళు మూసి తెరిచేలోగా ఒక దొప్ప పడేసింది. ఆమె ఆ చేతికేసి చూస్తూ నవ్వుతోంది. నాతో ఇన్నేళ్ళుంది, ఆ నవ్వు నేను చూడలేదు. నేను నేర్పిందంతా మరిచిపోయిన చెయ్యి ఆ కొండపిల్ల నేర్పింది మాత్రం మరిచిపోలేదు.

ఆ రోజు గట్టిగానే వేసుకున్నాను. కాగితం ప్లేట్లు రూపాయికి ఎన్నో వస్తుంటే దొప్పలెందుకన్నాను. అది పైకి అన్న మాట. లోపలి మాట కూడా ఆగలేదు. నాతో ఉన్న కాలం నీకు అంత చేదైతే నేస్తరికం ఎందుకు కట్టుకున్నావు, మన జాతర యేడు నోటికి రాలేదా అని అడిగేశాను. ఆమె దొప్పలన్నీ ఒకదాంట్లో ఒకటి పేర్చి పక్కన పెట్టింది.

"జాతర యేటికి నాకు పెళ్ళైపోయింది నేస్తం," అంది. "అప్పటికే ఈ సెయ్యి అత్తోరి అంట్లు తోవుతుండీది. సెయ్యి ఎప్పుడు బాగుండీదని అడిగేరు. రైలొచ్చిన యేడు ఈ సెయ్యి నాదే. అదే సెప్పేను."

న్యాయమైన మాట వింటే నాకు కోపం ఇంకా ఎక్కువ వస్తుంది. చెయ్యి ఆమెదే అయి ఉంటే ఆ ఆకెవరిది అని మనసులో అనుకున్నాను, పైకి అనలేదు. కొన్నాళ్ళు ముక్తసరిగా ఉన్నాను. పిండి కలిపి ఇవ్వడం, గిన్నెలు కడుక్కోవడం, ఇంటికి వెళ్ళిపోవడం. మా ఆయన, నీకు సవతి వచ్చినా ఇంత ఏడవవు కదే అన్నాడు. సవతి అయితే జుట్టు పట్టుకునేదాన్ని. ఒక చెయ్యి గడిపిన కాలాన్ని ఎలా పట్టుకోను?

ఈలోగా ఆమె ఎడమచేతి వేళ్ళు కూడా వంగడం మొదలైంది. మళ్ళీ కోరాపుట్ వెళ్ళాం. వానలు తగ్గాక ఎడమచేతికి మిషను పెడతామన్నారు. ఈసారి తిన్నగా అంకె చెప్పండమ్మా అని డాక్టరు చురక వేశాడు. నేనే కాగితం మీద అంకె వేయించి దాచాను. ఎడమచేతి మీద ఏ బొమ్మా లేదు, పోయేది కూడా ఏమీ లేదు.

నా కోరిక ఒక్కటే. కుడిచేతి మీద తేలు మళ్ళీ రావాలి. ఆకు మీదే రావాలి, మునుపటిలాగే దాన్ని మింగెయ్యాలి. ఆ మాట అడిగితే ఆమె సరే అంది. రాయగడలో మాకు పొడిచిన మనిషి ఇప్పుడు లేదు. కకిరిగుమ్మ సంతలో పచ్చబొట్లు పొడిచే ఒకావిడ కూర్చుంటుందంది. కావాలనే ఆ ఊరు చెప్పిందని నాకు తెలుసు. అయినా ఒప్పుకున్నాను. నిజం చెప్పాలంటే ఆ సంగాత్‌ని ఒకసారి కళ్ళారా చూడాలని నాకూ ఉంది. శత్రువు మొహం తెలియకుండా ఎన్నాళ్ళని తిట్టుకోవడం.

సంతలో వెతకనక్కర్లేకపోయింది. పసుపు, అల్లం కుప్పల వెనక, విస్తళ్ళ కట్టలు పెట్టుకుని కూర్చున్న మనిషి మమ్మల్ని చూసి లేచింది. నా ఈడే. చెవుల నిండా పోగులు, నెరిసిన జుట్టు, ఎండిన గట్టి ఒళ్ళు. మా నేస్తం మొహం ఆమె చూడలేదు. ముందు ఆ చెయ్యి చూసింది. దాన్ని తన ఒళ్ళోకి లాక్కుని, ఆకు గుర్తు మీద వేలు పెట్టి, గీతల వెంట మెల్లగా తిప్పింది. తన మణికట్టు పక్కన పెట్టింది. ఆమె చేతి మీద ఆకు లేదు, కాలం గడిచి అలుక్కుపోయిన చింతగింజంత నల్లటి మచ్చ ఉంది. ఆమెకి ఏ మిషనూ రాలేదు కదా.

మిషను సంగతీ, తేలు సంగతీ మా నేస్తం వాళ్ళ భాషలో చెప్పింది. ఇదెవరు అని ఆమె నన్ను చూపించి అడిగింది. మా నేస్తం సంగాత్ అని చెప్పింది. ఆమెకి వాడే మాటే నాకూ వాడింది. నేను ఆమెని ఎగాదిగా చూస్తున్నాను, ఆమె నన్ను అలాగే చూస్తోంది. ఆ చూపు నాకు కొత్తది కాదు. కొన్ని నెలలుగా మా ఇంటి అద్దంలో రోజూ చూస్తున్నదే. ఆమె నా చెయ్యి పట్టి లాగింది. తేలుని చూసింది. రైలు కూలీల దగ్గర నేర్చుకున్న తెలుగు ఇంకా మరిచిపోలేదు.

"దీని కిందేనా నన్ను పెట్టినాది?" అంది.

నేను అవునన్నాను.

పచ్చబొట్లావిడ పక్క చెట్టు నీడలోనే సూదులు పరుచుకుని కూర్చుంది. వచ్చిన పని చెప్పాలి కదా. తేలు మళ్ళీ వేయించడానికి వచ్చామని, ఆకు మీదే వేయిస్తామని చెప్పాను. కొట్లాటకి వస్తుందేమోనని చీర కుచ్చిళ్ళు కూడా బిగించుకున్నాను. ఆమె కొట్లాడలేదు. విస్తళ్ళ కట్ట సర్దుకుంటూ, నవ్వుతూ అంది.

"ఎయ్యి. మీదే ఎయ్యి. కిందున్నది ఎక్కడికి పోద్ది? మీదున్నదే గదా పోయినాది."

నా నోరు మూతపడటం మా ఆయన ఇన్నేళ్ళలో చూడలేదు. సంతలో అంతమంది మధ్య ఆ భాగ్యం ఆ కొండమనిషికి దక్కింది. ఏళ్ళ తరబడి తేలు కింద పడి ఉన్న మనిషి, ఆఖరికి పైన ఉన్నదాన్ని చూసి నవ్వుతోంది. ఆమె స్థానంలో ఉంటే నేనూ అదే మాట అనేదాన్ని, ఇంకా నాలుగు కలిపి మరీ అనేదాన్ని.

మా నేస్తం మా ఇద్దరి మధ్య నుంచి వెళ్ళి పచ్చబొట్లావిడ ముందు కూర్చుంది. తేలు కావాలంది. పెద్దది కావాలంది. నా చేతి మీది తేలు చూపించి, అలాంటిదే అంది. తర్వాత ఎడమచెయ్యి చాపింది.

ఆవిడ సూది మసిలో ముంచేలోగా నేను ఆపాను. అది వానలు తగ్గాక మిషనుకి వెళ్ళాల్సిన చెయ్యి అని గుర్తుచేశాను. మిషనులో పెడితే తేలు మళ్ళీ పోతుందన్నాను.

"ఇది మిషనుకి ఎళ్ళదు," అంది. "ఇది నీతో ముసిలైన సెయ్యి నేస్తం. దీని కింద ఎవులూ లేరు. ఇలాగే ఉండనీ."

ఆ చేతిని చూశాను. చూపుడువేలు అప్పటికే పక్కకి తిరిగింది. చిటికెనవేలు ముడుచుకుంది. పొద్దున్నే వేడినీళ్ళ గిన్నె ముందు ఆమె మొహం ఎలా ఉంటుందో నాకు తెలుసు. ఇంకో రెండేళ్ళకి ఆ చెయ్యి గ్లాసు కూడా పట్టదని డాక్టరు నాతోనే చెప్పాడు. అంకె వేయించిన కాగితం నా రవికెలోనే ఉంది. వద్దు నేస్తం, చెయ్యి బాగు చేయించుకో, బొమ్మదేముంది అని అనాలి. మంచిదాన్నయితే ఆ మాట అనేదాన్ని. ఆ మాట నాలిక చివరిదాకా వచ్చింది కూడా. దాని వెనకే ఇంకేదో వచ్చింది, చల్లగా, తియ్యగా, కొన్ని నెలలుగా మండుతున్న కడుపులో నీళ్ళు పోసినట్టు.

ఆ దేశియా మనిషి వచ్చి కుడివైపు కూర్చుని, ఆ చిన్న చేతిని తన ఒళ్ళో పెట్టుకుంది. నేను ఎడమవైపు చతికిలబడ్డాను. వంకరపోయిన వేళ్ళని నా గుప్పిట్లోకి తీసుకుని, సూది దిగేటప్పుడు కదలకుండా గట్టిగా పట్టుకున్నాను.